సాలమాండర్ చెప్పే పాఠం

యుద్ధచరిత్ర అనగానే సేనానుల పేర్లు, విజయాల తేదీలు మనకు స్ఫురిస్తాయి. శత్రువు సముద్రంలో దాచిన మందుపాతరలను తొలగించి, వెనుక వచ్చే నౌకలకు దారి చేసే మైన్‌స్వీపరు వంటి చిన్న ఓడకు ఆ చరిత్రలో చోటు తక్కువ. బ్రిటిషు నౌకాదళానికి చెందిన ‘సాలమాండర్’ అటువంటి ఓడ. 1936లో జలప్రవేశం చేసిన ఈ నౌక 1940లో డంకర్క్ తీరం నుండి సైనికులను తరలించింది. 1942లో రష్యాకు యుద్ధసామగ్రి తీసుకొని బయలుదేరిన పి.క్యూ.17 నౌకాశ్రేణికి రక్షణగా ఆర్కిటిక్ సముద్రంలో పయనించింది. శత్రువు ముంచలేకపోయిన ఈ ఓడ చివరకు స్వపక్షం చేతిలోనే పనికిరాకుండా పోయింది. అది ఎట్లా జరిగిందో విద్యార్థులేకాక, సంస్థలను నడిపే పెద్దలు కూడా తెలుసుకోవాలని నా అభిప్రాయం.

1944 ఆగస్టు 27న ఫ్రాన్సు తీరంలో, లె హావ్రే రేవుకు సమీపాన, సాలమాండర్, బ్రిటోమార్ట్, హుస్సార్, జేసన్ అనే నౌకలు మందుపాతరలు తొలగిస్తున్నాయి. పెద్ద యుద్ధనౌకలు ఆ రేవుపై ఫిరంగులు పేల్చుటకు వీలు కల్పించడం వాటి పని. అంతకు కొద్దిగా ముందే వాటి కార్యక్రమం మారింది. మార్పును తెలిపే ఆజ్ఞకు ఒక ప్రతి ఆ ప్రాంతపు నౌకాధికారి కార్యాలయానికి చేరవలసి ఉండగా, చేరలేదు. అక్కడివారు ఈ ఓడలను శత్రునౌకలుగా భావించారు. విచారిద్దామంటే టెలిఫోను పనిచేయలేదు. వెంటనే విమానదాడి కోరారు.

బ్రిటిషు వాయుసేనకు చెందిన 16 టైఫూన్ విమానాలు బయలుదేరాయి. క్రిందనున్న ఓడలు మనవిగా కనిపిస్తున్నాయని వాటి నాయకుడు మళ్ళీ మళ్ళీ సందేహం వెలిబుచ్చాడు. దాడి చేయవలసిందేనని సమాధానం వచ్చింది. స్వపక్ష విమానాలే తమపై దాడి చేస్తున్నాయని జేసన్ నుండి సందేశం వెళ్ళినా ఫలితం లేకపోయింది. కొద్ది నిమిషాలలో బ్రిటోమార్ట్, హుస్సార్ మునిగిపోయాయి. సాలమాండర్ బాగుచేయుటకు వీలులేనంతగా దెబ్బతిన్నది. 117 మంది మరణించారు. 153 మంది గాయపడ్డారు.

తరువాత ముగ్గురు అధికారులపై కోర్టు మార్షల్ జరిగింది. ఇద్దరు నిర్దోషులని తేలారు. ఒకరికి తీవ్రమైన మందలింపుతో సరిపోయింది. బ్రతికి బయటపడినవారిని ఈ సంగతి ఎవరికీ చెప్పవద్దన్నారు. దశాబ్దాలపాటు కాగితాలు మూతపడి ఉన్నాయి.

యుద్ధమన్నాక పొరపాట్లు సహజమని కొందరు అనవచ్చును. నేను కాదనను. కాని ఇక్కడ మూడు వేర్వేరు లోపాలున్నవి. ఆజ్ఞ ప్రతిని పంపకపోవడం మొదటిది. అది మరపు కావచ్చును. కన్నులారా చూచినవాని సందేహాన్ని త్రోసిపుచ్చడం రెండవది; అది అధికారగర్వం. జరిగినదానిని దాచడం మూడవది. దానికి తొందరపాటు అనే సాకు కూడా లేదు. తన కుమారుడు ఎట్లా మరణించాడో తెలుసుకొనే హక్కు తల్లికి లేదా? నా దృష్టిలో ఈ మూడవదే పెద్ద తప్పు.

విద్యార్థి మిత్రులారా! మన కళాశాల వంటి సంస్థలో ఒక కాగితం చేరకపోతే ప్రాణాలు పోవు. ఒక ఫీజు రాయితీ, ఒక పరీక్ష, ఒక సంవత్సరం పోవచ్చును. అందుచేత గుమాస్తా బల్ల మీది కాగితాన్ని చిన్నచూపు చూడరాదు. తరగతిలో “ఇది సరియేనా?” అని అడిగిన విద్యార్థిని కూర్చోమనరాదు. ఈ మాట ముందుగా నాకు నేనే చెప్పుకొంటున్నాను. పొరపాటు జరిగినప్పుడు కమిటీ దానిని తన పుస్తకంలో ఉన్నదున్నట్లు వ్రాసి, నష్టపోయినవానికి చదివి వినిపించాలి. అందువలన సంస్థ గౌరవం తగ్గుతుందని నేను నమ్మను.