లెక్కలో దాగిన భాష

సికింద్రాబాదు కార్ఖానాలో మా పొరుగింటి బాలిక ఒకనాటి సాయంకాలం గణిత పుస్తకంతో మా ఇంటికి వచ్చింది. "పన్నెండు కిలోల బియ్యంలో మూడింట రెండు వంతులు వండినారు. వండినది ఎంత?" అన్నది లెక్క. ఎక్కాలన్నీ ఆమెకు కంఠస్థమే. అయినా కలం కదలలేదు. "సార్, ఇందులో గుణించమని ఎక్కడ ఉంది?" అని అడిగింది.

ఆ సందేహం గణితానికి సంబంధించినది కాదు, భాషకు సంబంధించినది. గుణించమనే ఆజ్ఞ 'లో' అనే షష్ఠీ విభక్తి ప్రత్యయంలో ఒదిగి ఉంది. 'మూడింట రెండు' అనే పలుకుబడి చేయవలసిన పనిని కూడా వరుసగా చెబుతున్నది. ముందు మూడు భాగాలు చేయాలి. భాగానికి నాలుగు కిలోలు. పిదప రెండు భాగాలు గ్రహించాలి, ఎనిమిది కిలోలు. దీనినే 'రెండు బై మూడు' అని చదివితే ఆ మార్గదర్శనం మరుగున పడుతుంది.

'ముప్పావు కిలో చొప్పున ఎనిమిది మందికి' అన్నా, 'ఎనిమిది కిలోలలో ముప్పావు వంతు' అన్నా సమాధానం ఆరు కిలోలే. కాని మొదటిది ముప్పావును ఎనిమిదిసార్లు కూడటం. రెండవది ఎనిమిదిని నాలుగు భాగాలు చేసి మూడింటిని తీసుకోవటం. ఈ భేదాన్ని తెలిపేవి అంకెలు కావు, 'చొప్పున', 'లో' అనే మాటలు. ఒకటికంటె తక్కువైన భిన్నంతో గుణిస్తే ఫలం ఎందుకు తగ్గుతుందో కూడా ఇక్కడే బోధపడుతుంది. మొత్తంలో కొంత వంతునే కదా మనం అడుగుతున్నది!

అభ్యాసమే చాలునని కొందరంటారు. అభ్యాసం చేతికి వేగాన్ని ఇస్తుంది. ప్రశ్నను అర్థం చేసుకునే శక్తిని పఠనమే ఇస్తుంది. మన పూర్వులకు ఈ సంగతి తెలుసు. 9వ శతాబ్దిలో మహావీరాచార్యుడు సంస్కృతంలో రచించిన గణితసారసంగ్రహాన్ని పావులూరి మల్లన తెలుగు పద్యాలలోకి తెచ్చాడు. లెక్కను పద్యంగా చదివినవాడు అన్వయం కుదరనిదే గణనకు పూనుకోలేడు. పావు, అర, ముప్పావు, వీసం వంటి మాటలు ఉన్న మన భాషలో భిన్నాలకు ప్రత్యేక చిహ్నాలు కూడా ఉండేవి. 2008లో అవి యూనికోడ్‌లో చోటు పొందాయి.

కనుక లెక్కల తరగతిలో భాషను పరాయిదిగా చూడరాదు. ఆ బాలిక వాక్యాన్ని మరొకసారి నెమ్మదిగా చదివింది. నేను సమాధానం చెప్పవలసిన అవసరం కలుగలేదు.