నడిమధ్యన ఉన్నందుకా ఈ బతుకు?

ఆదోనిలో టీ కొట్టు దగ్గర నీళ్ల మాటెత్తితే చాలు, ఎవరో ఒక పెద్దాయన తేల్చేస్తాడు: "నడిమధ్యన చిక్కినోళ్ల రాత ఇంతేనప్పా!" ఒకప్పుడు విజయనగరం, బీజాపూరు. ఆ తర్వాత నిజాం, టిప్పు, కుంపిణీ. ఇప్పుడు ఎగువన కర్ణాటక. ఆంబోతులు కుమ్ముకుంటే లేగదూడలు నలిగినట్టు మనం నలుగుతూనే ఉన్నామంటాడు. చదువుకున్నవాళ్ల సభల్లోనూ ఇదే మాట కాస్త ముస్తాబై వినిపిస్తుంది. ఈ మాట తప్పు. పైగా మనకే చేటు తెచ్చే మాట.

నలిగింది నిజమే, కాదనను. 1565లో తళ్లికోట యుద్ధం తర్వాత మూడేళ్లకే ఆదోని కోట బీజాపూరు పాలైంది. 1786లో టిప్పు సుమారు నెల రోజులు ముట్టడించి పట్టుకుని ప్రాకారాలు కూలగొట్టించాడు. కొండెక్కితే ఆ శిథిలాలు ఇప్పటికీ కనిపిస్తాయి. 1800లో నిజాం తన రక్షణకు ఉంచుకున్న ఇంగ్లీషు పటాలం ఖర్చు కింద ఈ సీమనంతా కుంపిణీకి రాసిచ్చాడు. అందుకే దత్తమండలాలన్న పేరు పడింది. ఇచ్చినవాడు, పుచ్చుకున్నవాడు బాగానే ఉన్నారు. ఇక్కడివాళ్లను అడిగినవాడు లేడు.

కానీ నలగడం వేరు, నలగడమే మన నొసటి రాత అనుకోవడం వేరు. ఈ రెండో మాట ఎంత ప్రమాదమో కొరియా చరిత్ర చూస్తే తెలుస్తుంది.

అటు చైనా, ఇటు జపాన్, ఉత్తరాన రష్యా. తిమింగలాల పోట్లాటలో రొయ్య వెన్ను విరిగిందని అక్కడా ఒక సామెత ఉంది. 1910లో జపాన్ ఆ దేశాన్ని కలిపేసుకున్నాక వాళ్ల చరిత్రకారులు ఒక సిద్ధాంతం వండారు: కొరియా ద్వీపకల్పం, పెద్ద రాజ్యాల నడుమ ఉంది, కాబట్టి ఎప్పుడూ ఎవరో ఒకరి నీడన బతకాల్సిందే. చూశారా, మన టీ కొట్టు మాట అక్కడ ఆక్రమించినవాడి నోట పుట్టింది! స్వతంత్రం వచ్చాక కొరియా చరిత్రకారులు పనిగట్టుకుని దాన్ని పూర్వపక్షం చేశారు.

చేయడానికి వాళ్ల దగ్గర సరుకుంది. 1592లో జపాన్ ఏలిక హిదెయోషి సేనలు దండెత్తి వస్తే యి సున్-సిన్ అనే నౌకా సేనాని సముద్రం మీదే వాటి సరఫరాలకు గండి కొట్టాడు. చైనా సాయానికి వచ్చింది, నిజమే. అయినా సముద్రాన్ని నిలబెట్టింది ఆయనే. అంతకుముందు సెజోంగ్ రాజు జనం చదువుకోవడానికి కొత్త లిపి తయారుచేశాడు. అడ్డం పడింది చైనా చక్రవర్తి కాదు, సొంత కొలువులోని చో మల్లి అనే పండితుడు. చైనా అక్షరాలు వదిలి వేరే లిపి పెట్టుకునేవాళ్లు అనాగరికులేనని, పెద్ద దేశం ముందు తలవంపులని 1444లో అర్జీ పెట్టాడు. రాజు వినలేదు, కాబట్టే ఇవాళ కొరియావాళ్లకు తమ లిపి ఉంది. నాకు ఈ ఘట్టం మీద ప్రత్యేకమైన మక్కువ. పొరుగువాడు పెట్టే బాధ కంటే పొరుగువాడంటే మన లోపల ఉండే బెదురు ఎంత పని చేస్తుందో ఇందులో కనిపిస్తుంది.

తప్పులూ అంతే, రాత కాదు, మనుషులు చేసినవే. 1894లో దోంగ్‌హాక్ రైతులు తిరగబడితే వాళ్ల గోడు వినడానికి బదులు కొరియా కొలువు చైనా సైన్యాన్ని పిలిపించుకుంది. ఆ సందులో జపాన్ జొరబడింది. 1945 ఆగస్టులో ఇద్దరు అమెరికా అధికారులు ఒక పటం ముందేసుకుని, ఒక్క రాత్రిలో 38వ అక్షాంశం దగ్గర ఆ దేశాన్ని రెండు ముక్కలు చేశారు. ఆ గీత కొండలు గీసింది కాదు, నదులు గీసింది కాదు. ఫలానా రాత్రి ఫలానా మనుషులు గీసింది. రాత అన్నామంటే వాళ్ల పేర్లు చెరిపేసినట్టే.

మన గీతా అలాంటిదే. కొరియా యుద్ధంలో తుపాకులు ఆగింది 1953 జులైలో. అదే ఏడు అక్టోబరు 1న బళ్లారి జిల్లా పది తాలూకాల్లో ఆదోని, ఆలూరు, రాయదుర్గం ఆంధ్రకు వచ్చాయి, మిగతా ఏడూ మైసూరుకు పోయాయి. తుంగభద్ర ఆనకట్ట గీతకు అవతల మిగిలింది. అది కమిటీలు, కమిషన్లు, ఢిల్లీ కలిసి చేసిన నిర్ణయం. నిర్ణయాన్ని ప్రశ్నించవచ్చు. రాతనైతే ఎవరిని అడుగుతాం?

నడిమధ్యన ఉండటమే శాపమైతే ఆదోని పత్తి బజారు ఎలా పుట్టింది? యార్డుకు పొద్దున్నే వెళ్లి చూడండి. రైతు కన్నడంలో అడిగితే హమాలీ తెలుగులో జవాబిస్తాడు, పత్తి పిడికిట పట్టి పోగు లాగి చూసే కొనుగోలుదారు ఉర్దూలో బేరమాడతాడు. రెండు సీమల పంట ఒకచోట కలిసింది ఈ ఊరు అంచున ఉన్నందుకే.

ఎమ్మిగనూరు సంగతి ఇంకా గట్టి సాక్ష్యం. కరువులు చూసిన నేల, గుంట మగ్గంలో కాళ్లు పెట్టుకుని పొద్దుగూకేదాకా పేక తోసినా కూలి చాలని నేతగాళ్లు. 1938లో మాచాని సోమప్ప ఆ ఊళ్లో నేతగాళ్ల సహకార సంఘం పెట్టించారు. ఆ సంఘం నూలు ఇచ్చి, బట్ట కొని అమ్మింది, నేతగాళ్లకు ఇళ్ల కాలనీ కట్టింది. ఏ పెద్ద పొరుగూ దయతో ఇచ్చింది కాదది. ఆ సంఘం ఇవాళ మసకబారింది. మరమగ్గాల చవక గుడ్డ, నూలు ధరలు, పట్టించుకోని ప్రభుత్వాలు అందుకు కారణాలు. వీటిలో ఒక్కటీ సరిహద్దు మీద నెట్టలేం.

ఇక నీళ్లు. తుంగభద్ర దిగువ కాలువ సుమారు 250 కిలోమీటర్లు కర్ణాటకలో పారి మన గడ్డ మీదికి వస్తుంది. మన వాటా 24 టీఎంసీలు, ఆయకట్టు లక్షన్నర ఎకరాలు. దారి పొడవునా కాలువలోకి మోటార్ల పైపులు దిగాయి. ఎగువవాళ్ల తప్పు ఉంది. ఉందనే అంటాను. కానీ మన గడ్డ మీద అడుగుపెట్టాక ఏం జరుగుతోంది? ఆరుతడి పంటలకని రాసిపెట్టిన పొలాల్లో కాలువ మొదట్లో ఉన్నవాడు వరి వేస్తాడు. కాలువ చివరి రైతు తూము దగ్గర టార్చిలైటు పట్టుకుని తెల్లవార్లూ కాపలా కాస్తే పిల్లకాలువలో పాదం తడిసేంత నీళ్లు వస్తాయి. మరుసటి ఏడు అతని ఇంటికి తాళం, కుటుంబమంతా గుంటూరు మిరప కోతలకు. అతని నీళ్లు తాగిన పొరుగువాడు బళ్లారిలోనే ఉన్నాడా? పక్క ఊళ్లో లేడా?

ఇంకో మాట, కొందరికి రుచించదు. తుంగభద్ర మీదే ఉన్న రాజోలిబండ ఆనకట్ట తూములు కర్నూలు వైపువాళ్లు తెరిచేసి తమ నీళ్లు లాక్కుంటున్నారని గద్వాల, అలంపూర్ రైతులు ఎన్నో ఏళ్లుగా మొత్తుకుంటున్నారు. వాళ్ల టీ కొట్ల దగ్గర ఆంబోతు ఎవరు? ఎగువవాడిని నిలదీసే హక్కు మనకు దక్కాలంటే దిగువవాడికి మనం జవాబు చెప్పాలి.

నేను అడిగేది పెద్ద కోరికేం కాదు. యార్డులో క్వింటాలు పత్తి ఎంత పలికిందో మధ్యాహ్నానికి కోసిగి దాకా తెలిసిపోతుంది. సరిహద్దు గేజి దగ్గర ఇవాళ ఎన్ని క్యూసెక్కులు వచ్చాయి, ఏ డిస్ట్రిబ్యూటరీకి ఎన్ని వదిలారు, చివరి తూముకు ఎన్ని చేరాయి అన్న లెక్క ఆ ధరల పక్కనే, అంతే పెద్ద అక్షరాలతో రోజూ రాసిపెట్టండి. నీళ్లు ఎక్కడ తగ్గాయో, అక్కడ ఎవరున్నారో రైతు తానే చదువుకుంటాడు.