నిప్పుల గుండం: మహిమ ఎవరిది?

నిప్పుల గుండం తొక్కే ఆచారం ఏ ఒక్క మతానికో, ఏ ఒక్క దేశానికో చెందింది కాదు. మొహర్రం నెలలో తెలుగు పల్లెల్లో పీర్ల చావిడి ముందు గుంట తవ్వి మొద్దులు పేరుస్తారు. అవి కాలి కణకణలాడే బొగ్గులయ్యాక పీర్లను ఎత్తుకున్నవాళ్లు, మొక్కుకున్నవాళ్లు వాటి మీదుగా నడిచిపోతారు. అనంతపురం జిల్లా గూగూడులో కుళ్లాయిస్వామి పేరిట జరిగే పీర్ల పండుగకు కర్ణాటక నుంచి కూడా జనం తరలివస్తారు. వాళ్లలో హిందువులే ఎక్కువ. చిత్తూరు ప్రాంతంలోని ధర్మరాజుల గుళ్ల దగ్గర మహాభారత కథాగానం, నాటకాలు రోజుల తరబడి సాగుతాయి. దుర్యోధన వధ అయ్యాక భక్తులు అగ్నిగుండం దాటుతారు. వీరభద్రుడి జాతరల్లోనూ గుండం ఉంటుంది.

దేశం దాటితే దేవుడు మారతాడు, నిప్పు మారదు. ఉత్తర గ్రీసులో సెరెస్ పట్టణం దగ్గరి అయియా ఎలెని గ్రామంలో ఏటా మే 21న, సెయింట్ కాన్‌స్టంటైన్, సెయింట్ హెలెన్‌ల పండుగనాడు, వారి పటాలను చేతబట్టుకుని డోలు, లైరా వాద్యాల మధ్య కొందరు నిప్పుల మీద నర్తిస్తారు. ఈ ఆచారం పేరు అనస్తెనారియా. బాల్కన్ యుద్ధాల తర్వాత, ఇప్పుడు బల్గేరియాలో ఉన్న కోస్తి గ్రామం నుంచి వచ్చిన కాందిశీకులు దీన్ని వెంట తెచ్చుకున్నారు. బల్గేరియాలో ఇదే ఆచారం బల్గారి గ్రామంలో మిగిలింది. 2009లో యునెస్కో జాబితాకూ ఎక్కింది. స్పెయిన్‌లో సోరియా ప్రాంతపు శాన్ పెద్రో మన్రికే గ్రామస్థులు జూన్ 23 రాత్రి ఒక మనిషిని వీపున మోస్తూ నిప్పులు దాటుతారు.

పోల్చి చూడటానికి అన్నిటికన్నా అనువైన చోటు ఫిజీ. అక్కడి బెంగా దీవిలో సావావు తెగవారు బొగ్గుల మీద కాదు, కాల్చిన రాళ్ల మీద నడుస్తారు. వారి పూర్వీకుడొకడు పాము చేప కోసం వాగులో చెయ్యి పెడితే ఒక దేవత చిక్కాడని, తనను వదిలిపెట్టినందుకు నిప్పు మీద అధికారం ప్రసాదించాడని వారి ఐతిహ్యం. అదే దేశంలో, 1903 నుంచి మద్రాసు రేవు మీదుగా చెరకు తోటల కూలికి వెళ్లిన తమిళుల, తెలుగువాళ్ల సంతతి మారియమ్మ గుడి ముందు బొగ్గుల గుండం తొక్కుతుంది. ఒకే దేశంలో రెండు నిప్పులు, వాటికి రెండు వేర్వేరు కథలు. ఒకరి దేవుడికి మొక్కనివారు రెండోవారు. ఇద్దరి పాదాలూ భద్రంగానే ఉంటున్నాయి.

కాలకపోవడానికి చెప్పే కారణాలు చోటుచోటుకూ మారతాయి. పీర్ల గుండం కర్బలాలో ఇమాం హుసేన్ గుడారాలు తగలబడిన ఘట్టానికి గుర్తని ఒక వివరణ, ఆ పీర్ల శక్తే కాపాడుతుందని నమ్మకం. ధర్మరాజుల గుడి దగ్గర కాపాడేది ద్రౌపది. యుద్ధం ముగిశాక ఆమె అగ్నిలో నడిచి తన శీలం నిరూపించుకుందట. ఇది వ్యాస భారతంలో లేని కథ. గ్రీసులో కాపాడేది సెయింట్ కాన్‌స్టంటైన్. విచిత్రమేమిటంటే, ఆ సెయింట్‌ను పూజించే ఆర్థడాక్స్ చర్చే ఈ నడకను విగ్రహారాధన అవశేషమని ఖండిస్తుంది. శాన్ పెద్రోలో దైవ సహాయం ప్రస్తావన కన్నా ఊరివాళ్లకు తప్ప పైవాళ్లకు ఇది సాధ్యం కాదన్న గర్వమే ఎక్కువగా వినిపిస్తుంది.

ఇన్ని కారణాలు ఒకదానికొకటి పొసగవు కదా అంటే, మన దగ్గర జవాబు సిద్ధంగా ఉంటుంది: ఏ పేరుతో పిలిచినా దేవుడు ఒక్కడే. వినడానికి ఉదారంగా ఉన్న ఈ జవాబును పరీక్షించడం కష్టమేమీ కాదు. ఏ దేవుణ్నీ తలచుకోనివాళ్లు నడిస్తే ఏమవుతుందో చూస్తే చాలు. 1935లో ఇంగ్లండులోని సర్రీ ప్రాంతంలో, కార్షాల్టన్ అనే చోట, హ్యారీ ప్రైస్ అనే పరిశోధకుడు సరిగ్గా ఈ పని చేశాడు. కశ్మీర్‌కు చెందిన ఖుదా బక్ష్ అనే ప్రదర్శకుడు గుండం మీద నడిచాడు. వైద్యులు ముందూ వెనకా అతని పాదాలను పరీక్షించారు. నిప్పుల పైభాగం వేడి సుమారు 430 డిగ్రీల సెల్సియస్ అని తేలింది. అతనికి బొబ్బలు లేవలేదు. 1937లో మరో విడత పరీక్షల్లో ఏ మంత్రమూ, ఏ ఉపవాసమూ లేని ఆంగ్లేయులు కూడా నడిచారు. ఇందులో అతీతశక్తి ఏదీ లేదనీ, కట్టె బొగ్గు వేడిని నెమ్మదిగా అందించడం, పాదం నిప్పును తాకే సమయం అతి స్వల్పం కావడం అసలు కారణాలనీ ప్రైస్ బృందం తేల్చింది.

అంతకు ముందే, 1901లో, అమెరికన్ శాస్త్రవేత్త శామ్యూల్ లాంగ్లీ తాహితీ దీవిలో పాపా ఇతా అనే పూజారి కాల్చిన రాళ్ల మీద నడవడం చూశాడు. లాంగ్లీ అందరిలా ఆశ్చర్యపోయి ఊరుకోలేదు. ఆ గుంటలోంచే ఒక రాయిని తీయించి నీళ్లలో వేయించాడు. నీళ్లు చాలాసేపు మరిగాయి, అంటే రాయి నిజంగానే విపరీతమైన వేడి మీద ఉంది. తర్వాత ఆ రాయిని పరీక్షించాడు. అది అగ్నిపర్వతపు బుడగరాయి, దాని గుండా వేడి పారడం బహు నెమ్మది. రాతి కడుపులో వేడి అలాగే ఉన్నా పైభాగం త్వరగా చల్లబడుతుంది. పూజారి మహిమగా చెలామణీ అయినది ఆ రాతి గుణం.

ఉష్ణోగ్రత వేరు, ఉష్ణం వేరు. ఒక వస్తువు ఎంత వేడిగా ఉందన్నది ఒక సంగతి. తాకిన క్షణంలో అది చర్మానికి ఎంత వేడిని అందించగలదన్నది మరో సంగతి. కట్టె బొగ్గు తేలికైనది, గుల్లగా ఉంటుంది. అందులో దాగే వేడి తక్కువ, ఉన్న వేడీ త్వరగా బయటికి రాదు. పైన పేరుకున్న బూడిద మరో అడ్డుపొర. పాదమేమో నీరు, రక్తం నిండిన దళసరి కండ. దాన్ని వేడెక్కించడానికి చాలా ఉష్ణం కావాలి. అడుగు పడి లేచేది అర సెకను అటూ ఇటూ. పొయ్యి మీది పుల్కాను వేళ్లతో తిప్పే చెయ్యి దాని కిందున్న ఇనుప పెనాన్ని తాకడానికి సాహసించదు. గుండంలో ఉన్నదీ ఆ తేడానే. 1985లో అమెరికాలో భౌతిక శాస్త్రవేత్త బెర్నార్డ్ లైకిండ్, మనస్తత్వవేత్త విలియం మెకార్తీ ఈ వివరణనే ప్రచురించారు. తడి పాదాల కింద ఆవిరి పొర ఏర్పడి కాపాడుతుందన్న మరో వాదం కూడా ప్రచారంలో ఉంది. కానీ పొడి పాదాలతో నడిచినవారికీ ఏమీ కావడం లేదు కాబట్టి దాని అవసరం పెద్దగా కనిపించదు.

బొగ్గుకు బదులు ఇనుము ఉంటే కథ తారుమారవుతుంది. మధ్యయుగపు యూరప్‌లో నేరం రుజువు చేయడానికి నిందితుల చేత ఎర్రగా కాలిన ఇనుము మోయించేవారు, కాలిన నాగటి కర్రుల మీద నడిపించేవారు. అక్కడ చేతులు, కాళ్లు కాలేవి. అందుకే కాలిందా లేదా అన్నది కాక, మూడో రోజున కట్టు విప్పి పుండు చీము పట్టిందా మానుతోందా అన్నది చూసి తీర్పు చెప్పేవారు. 1215లో లాటరన్ మహాసభ ఇందులో పూజారులు పాల్గొనకూడదని నిషేధించాక ఈ పద్ధతి క్రమంగా అంతరించింది. మన యాజ్ఞవల్క్య స్మృతి చెప్పిన అగ్నిదివ్యం మరీ ఆసక్తికరం. నిందితుడు కాలిన ఇనుప గుండును పట్టుకుని ఏడు మండలాలు దాటాలి. అయితే దాన్ని చేతిలో పెట్టేముందు అరచేతుల మీద ఏడు రావి ఆకులు వేసి దారంతో కట్టాలని స్మృతికారుడే విధించాడు. అగ్నిదేవుడు సత్యాన్ని గుర్తుపడతాడని నమ్మినవారికి కూడా ఆకుల అడ్డు లేకుండా ఇనుము ఎవరినీ వదలదని తెలుసన్న మాట!

గుండం నిర్వహించే పెద్దలకూ ఈ తెలివి లేకపోలేదు. మంట పూర్తిగా ఆరేదాకా ఆగుతారు. పొడవాటి కర్రలతో బొగ్గులను కొట్టి చదును చేస్తారు, సగం కాలిన మొద్దులను పక్కకు లాగుతారు. గుండంలో నిలబడిపోవాలని ఎవరూ మొక్కుకోరు. సింగపూర్ మారియమ్మ గుడిలో గుండం దాటగానే అడుగు పెట్టడానికి పాలు నింపిన గుంట ఉంటుంది. ఇదంతా అనుభవం నేర్పిన పనితనం. దాన్ని పనితనమని ఒప్పుకుంటే పండుగకు వచ్చే లోటేమీ లేదు. అయినా ఆ ఖ్యాతి దేవుడి ఖాతాలోకే పోతుంది.

అప్పుడప్పుడూ కాళ్లు కాలుతాయి. ప్రతి సంప్రదాయమూ దీనికి ముందే ఏర్పాటు చేసి పెట్టుకుంది. నడిచేవారు ఉపవాసం ఉండాలి, బ్రహ్మచర్యం పాటించాలి, మైల తగలకూడదు, బహిష్టైన స్త్రీ ఆ దరిదాపులకు రాకూడదు. బెంగా దీవిలో కొబ్బరి, స్త్రీ సంపర్కం నిషిద్ధం. గ్రీసులో కాలినవాణ్ని సెయింట్ పిలవలేదని అంటారు. కాలకపోతే దేవుడి మహిమ, కాలితే మనిషి దోషం! ఏ ఫలితం వచ్చినా ఓడిపోని ఈ ఏర్పాటు నమ్మకానికి కంచుకోట. కాళ్లు కాలినవాడికి గాయంతో పాటు నింద కూడా మిగులుతుంది. నియమం తప్పాడన్న మాట పడాల్సి వస్తుందని గాయాన్ని దాచుకుంటే వైద్యం ఆలస్యమవుతుంది. నిప్పుల నడకలో హేతువాదం మొదట పట్టుకోవాల్సిన హాని ఇదే. నడక వల్ల కలిగే గాయం సాధారణంగా చిన్నది, దానికి కట్టే అర్థం పెద్దది.

ఈ మెలికకు దేవుడు కూడా అవసరం లేదు. వ్యక్తిత్వ వికాస తరగతుల పేరుతో అమెరికాలో నిప్పుల నడక వ్యాపారమై దశాబ్దాలు గడిచాయి. అక్కడ పీరు లేదు, ద్రౌపది లేదు, ఉన్నది మనోబలం. 2016లో డాలస్‌లో జరిగిన అలాంటి కార్యక్రమంలో సుమారు 30 మందికి కాలిన గాయాలయ్యాయి. నడక మనోబలానికి రుజువైతే, కాలినవాడికి అది కొరవడిందనే అర్థం వస్తుంది. మైల స్థానంలో ఆత్మవిశ్వాస లోపం వచ్చి కూర్చుంది.

భారత ఉపఖండంలో హేతువాదులు ఈ నడకను తామే నడిచి చూపించారు. శ్రీలంకలో స్థిరపడిన కేరళీయుడు అబ్రహాం కోవూర్, ఆయన తర్వాత బసవ ప్రేమానంద్ ఇలాంటి మహిమల గుట్టు విప్పడానికే జీవితాలను వెచ్చించారు. తెలుగునాట గోరా 1940లో ముదునూరులో స్థాపించి, తర్వాత విజయవాడకు మార్చిన నాస్తిక కేంద్రం నిప్పుల నడకను బహిరంగంగా నిర్వహించింది. జన విజ్ఞాన వేదిక కార్యకర్తలూ ఊరూరా ఇలాంటి ప్రదర్శనలు ఇచ్చారు. నాస్తికుడు నడిచి క్షేమంగా బయటికి వస్తే దేవుడి ప్రత్యేక రక్షణ అన్న వాదన కూలిపోతుంది. ఇంతకన్నా సూటిగా ఆ పని చేసే మార్గం మరొకటి లేదు.

ప్రదర్శన చూసి చప్పట్లు కొట్టినవాళ్లలో కొందరు మరుసటి ఏడాది గుండం తొక్కుతూనే ఉంటారు. ఇది మూర్ఖత్వమని కొట్టిపారేసేవారు మానవశాస్త్రవేత్త ఇవాన్స్ ప్రిచర్డ్ అప్పటి సూడాన్‌లోని అజాండే ప్రజల గురించి 1937లో రాసిన గ్రంథాన్ని చూడాలి. ధాన్యపు కొట్టం కూలి దాని నీడన కూర్చున్న మనిషి చనిపోతే, చెదలు స్తంభాలను తినేశాయని అజాండేలకు తెలుసు. వారు అడిగేది వేరు: ఇతను కూర్చున్న ఆ ఘడియలోనే ఎందుకు కూలింది? ఆ ఎందుకుకు వాళ్ల సమాధానం క్షుద్రవిద్య. గుండం తొక్కే తల్లి కూడా బొగ్గు ఉష్ణవాహకత గురించి అడగడం లేదు. బిడ్డ జబ్బు తగ్గితే తొక్కుతానని మొక్కుకుంది, తగ్గింది, తొక్కుతోంది. కాబట్టి విచారణ పాదం నుంచి మొక్కు మీదికి మళ్లాలి. మొక్కుకున్నా జబ్బు తగ్గని బిడ్డల తల్లులు ఎందరు? వాళ్లు గుండం దగ్గరికి రారు, లెక్కలోకీ రారు. సముద్రంలో తుఫాను నుంచి బతికి బయటపడ్డవాళ్లు మొక్కు చెల్లించి వేలాడదీసిన పటాలను సమోత్రేస్ దీవిలో చూపించినప్పుడు, మునిగిపోయినవారి పటాలు ఎక్కడున్నాయని నాస్తికుడు డయాగరస్ అడిగినట్టు రోమన్ రచయిత సిసిరో రాశాడు. ఆ ప్రశ్నకు రెండు వేల ఏళ్లు దాటినా వయసు మీదపడలేదు.

మరి నొప్పి, భయం ఉన్న ఆచారాలు ఇన్ని సంస్కృతుల్లో ఇంత కాలం ఎందుకు నిలిచాయి? ఫ్రెంచి సామాజిక శాస్త్రవేత్త ఎమిల్ దుర్ఖైమ్ 1912లోనే ఒక ఊహ చేశాడు: ఆచారంలో మనుషులు అనుభవించే ఉద్వేగం నిజమైనదే, అయితే దాని మూలం గుంపు. ఈ ఊహను కొలిచే ప్రయత్నం దాదాపు వందేళ్ల తర్వాత శాన్ పెద్రో మన్రికేలో జరిగింది. దిమిత్రిస్ జిగలాటస్, ఇవానా కొన్వాలింకా తదితర పరిశోధకులు నడిచేవారికీ చూసేవారికీ గుండె వేగాన్ని నమోదు చేసే పట్టీలు కట్టారు. నడిచేవారి గుండె వేగం ఎలా పెరిగి తగ్గిందో, చూస్తున్న బంధుమిత్రుల గుండె వేగమూ అలాగే పెరిగి తగ్గింది. ఏ సంబంధమూ లేని ప్రేక్షకుల్లో ఆ పొంతన లేదు. ఈ ఫలితాలు 2011లో వెలువడ్డాయి. అదే ఊళ్లో మరో సంగతి తేలింది. నిప్పుల మీద ప్రశాంతంగా ఉన్నామని నడిచినవారు చెప్పారు. వారి గుండె మాత్రం ఆ సమయంలో విపరీతంగా కొట్టుకుంది. అనుభవించినవారి సాక్ష్యమే పరమ ప్రమాణమనే వాదనకు ఇంతకన్నా మంచి జవాబు దొరకదు. వాళ్లు అబద్ధమాడలేదు, వాళ్ల జ్ఞాపకం వాళ్లకు సరైన సమాచారం ఇవ్వలేదు.

గుంపును దగ్గర చేసే శక్తి ఆచారానికి ఉందని ఒప్పుకోవడం హేతువాదానికి ఓటమి కాదు. దేవుడు చేశాడన్న పనిని మనుషులే చేశారని అది చెబుతోంది. ఆ దగ్గరతనం ఎవరికి పనికొస్తుందో కూడా లెక్క తీయవచ్చు. మారిషస్‌లో తమిళుల తైపూసం పండుగలో శరీరానికి శూలాలు గుచ్చుకుని కావడి మోసినవారినీ, గుడిలో కీర్తనలు పాడినవారినీ జిగలాటస్ బృందం పోల్చింది. అందరికీ కొంత డబ్బిచ్చి, అందులో ఇష్టమున్నంత గుడికి రహస్యంగా ఇవ్వవచ్చని చెప్పారు. కావడి మోసినవారు కీర్తనలు పాడినవారికన్నా చాలా ఎక్కువ ఇచ్చారు. నొప్పి ఎక్కువ పడ్డామన్నవారు మరింత ఇచ్చారు. శూలాలు గుచ్చుకోకుండా ఊరేగింపు వెంట నడుస్తూ ఆ బాధను చూసినవారు కూడా పెద్ద మొత్తాలే ఇచ్చారు. 2013లో అచ్చయిన ఆ అధ్యయనంలో విరాళం చేరింది గుడికే.