రథం తాడు ఏ వాకిలినీ దాటిపోకూడదు

ముగ్గు గీసే ఆడవాళ్ల ప్రణాళిక

మొన్న కనుమ నాడు మా వీధిలో జరిగింది మేం మరిచిపోలేదు. మరిచిపోం కూడా.

తెల్లారేసరికి వీధి పొడుగునా రథం ముగ్గులు వెలిశాయి. ఒక రథం తాడు పక్కింటి రథాన్ని అందుకుంటూ పోయింది. ఒక్క వాకిలి దగ్గర మాత్రం తాడు వంకర తిరిగి, రోడ్డు మధ్యకు జరిగి, అవతలింటికి వెళ్లిపోయింది. ఆ వాకిలి అత్తయ్యది. మాలో సగం మందికి చుక్క పెట్టడం నేర్పింది ఆవిడే. శ్రావణంలో మామయ్య పోయారు. ఆవిడ గీసుకున్న రథం మీద పొద్దెక్కకముందే ఎదురింట్లోంచి బిందెడు నీళ్లు వచ్చి పడ్డాయి. ఇదేమిటని అడిగితే, పండగపూట ఆ చేత్తో గీస్తే వీధికి అరిష్టమన్నారు. తాడును పక్కకు తప్పించిన చేతులు మగవాళ్లవి కావు. గాజులు వేసుకున్న మా చేతులే. అందుకే ఈ మాటలు ముందు మాకు మేం చెప్పుకుంటున్నాం, తర్వాతే వీధికి చెబుతున్నాం.

ముగ్గు వాకిలికి అలంకారం కాదు, కాలానికి గీసే గీత. తద్దినం నాడు వాకిట్లో ముగ్గు పడకపోతే ఆ రోజు పెద్దలదని వీధంతా తెలుసుకుంటుంది. డిసెంబరు నడిమిలో నెల పట్టగానే పెద్ద ముగ్గులు మొదలవుతాయి, గొబ్బెమ్మల మీద గుమ్మడిపూలు విచ్చుకుంటాయి. సూర్యుడు నిజంగా ఉత్తరానికి మళ్లేది డిసెంబరు 21, 22 తేదీల్లోనే. ఆ పొద్దున వీధిలో ఎవరూ తలెత్తి చూడరు. మూడు వారాలు గడిచి, భోగి మంట ఆరి, కనుమ రథం నేల మీద పడ్డాకే మాకు పొద్దు మళ్లుతుంది. కాలం ఆకాశంలో నడుస్తుంది, ఇంట్లోకి మాత్రం ముగ్గు తొక్కుకుంటూనే వస్తుంది. ఇది మా నమ్మకం, మా విద్య.

మా కోరిక ఒక్కటే. రథాన్ని ఏ చెయ్యయినా గీయొచ్చు. తాడు ఏ వాకిలినీ తప్పించుకుపోకూడదు.

15 చుక్కలు, సందు చుక్క 8 వచ్చేదాకా. లెక్కపెడితే 169. మెలిక ప్రతి చుక్కనూ చుట్టి రావాలి. 168 చుట్టి ఒక్కటి వదిలేస్తే, ముగ్గు తప్పిందని పదేళ్ల పిల్ల కూడా చెబుతుంది. అదే తప్పు వీధి మొత్తం కలిసి చేస్తే ఆచారమని ఎలా అంటాం?

ఏడాది పొడుగునా అత్తయ్య వాకిలి ఊడ్చి, కళ్లాపి చల్లేది అరిష్టమన్న ఆ చెయ్యే. ఆ వేళ్ల సందుల్లోంచి రాలిన బియ్యప్పిండే చీమలు తింటున్నాయి. చీమలకు అంటని అరిష్టం మనుషులకు ఎలా అంటుంది?

1881 డిసెంబరు 11న, నెల పట్టబోయే రోజుల్లో, రాజమహేంద్రవరంలో వీరేశలింగం గారు మొదటి వితంతు వివాహం జరిపించారు. దానికి చట్టం 1856లోనే వచ్చింది. అప్పుడే పెళ్లిపీటల మీదికి రాగలిగిన ఆడది ఇవాళ్టికీ తన వాకిట్లో రథం గీసుకోలేకపోతోంది.

ఈ ఆచారం అనాదిగా వస్తోందంటారు. ముగ్గుకు అనాది ఎక్కడిది? నిన్నటిది ఈ పొద్దుటి కళ్లాపిలో కలిసిపోతుంది. రోజూ చెరిపి, రోజూ కొత్తగా గీసే విద్యలో పాత గీతే శాసనమంటే ఒప్పుకోం. ఇక ఒప్పుకోం.

ఇంకా చెబుతాం. మా నాయనమ్మల నాటి నుంచీ తాడు కాలవ గట్టు దగ్గరే ఆగిపోతోంది. కాలవ అవతల పేటలోనూ రథాలున్నాయి. ఒక కనుమ నాడు తాడు వంతెన దాటుతుంది. పేటలోని రథాన్ని అందుకుని, పొలం గట్ల మీదుగా పక్క ఊరు చేరుతుంది. ఆ పొద్దున ఊళ్లన్నిటికీ కాలం ఒక్కసారే కదులుతుంది. అంతవరకు పంచాంగంలో ఎన్ని సంక్రాంతులు వచ్చినా మా లెక్కలో ఆ పండగ ఇంకా రాలేదు.

చెయ్యి ఎవరిదైనా చుక్క ఒక్కటే.

వైధవ్యం, నెలసరి, పెళ్లికాకపోవడం ముగ్గుకు అడ్డు కావు.

ముగ్గును కళ్లాపి చెరపాలి, కక్ష చెరపకూడదు.

వచ్చే ధనుర్మాసంలో నెల పట్టిన నాడు మొదటి చుక్క అత్తయ్య పెడతారు. కనుమ నాడు తాడు ఆవిడ వాకిట్లోనే మొదలవుతుంది. అక్కణ్ణుంచి తిన్నగా ఎదురింటికి వెళుతుంది. నీళ్లు కుమ్మరించిన ఆ వాకిలినీ మేం తప్పించం, తప్పిస్తే పైన చెప్పిందంతా అబద్ధమవుతుంది. వాళ్లు మళ్లీ బిందె ఎత్తితే ఎత్తనివ్వండి. చెరిగిపోయేదాన్ని మళ్లీ గీయడం మాకు కొత్త కాదు. పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచీ ప్రతి పొద్దునా చేస్తున్నది అదే.