నా పేరు మీద ఎవరో నవారా విత్తనాలు అమ్మారు

నవారా విత్తనం ఎట్ల ఆరబెట్టి దాచుకోవాలో పై వీడియోలో చూపించాను. ఇక్కడ రాసేది వేరే ముచ్చట, కానీ అదీ ఆ విత్తనం గురించే.

మొన్న వానాకాలం ముందు కల్వకుర్తి దిక్కు నుంచి ఒక రైతు ఫోన్ చేశాడు. "అన్నా, పైసలు పంపి పన్నెండు రోజులైంది, గింజలు ఇంకా రాలే" అన్నాడు. నేను ఆయన దగ్గర రూపాయి తీసుకోలేదు. ఫేస్‌బుక్‌లో నా పేరు వెతికితే నా పేజీ తప్ప ఇంకేదీ కనపడలేదు. మా అబ్బాయి ఫోన్‌లో చూస్తే ఇంకొకటి బయటపడింది. నా ఫోటో, మా పొలంల తీసిన పాత వీడియో ముక్క, ఫోన్ నంబరు మాత్రం వేరే. నన్ను ముందే బ్లాక్ చేసి పెట్టాడు దొంగ! నేను కిలో 150కి ఇస్తే, వాడు 120 అని పెట్టాడు. పాపం ఆ రైతు 30 కిలోలకు 3,600 పంపాడు.

మా వాట్సాప్ గ్రూపులో చెప్తే సగం మంది ఆయన్నే తిట్టారు. "చూసుకోవద్దా, సదువుకున్నోడే కదా" అని. ఈ మాటే నాకు నచ్చలేదు. 2020లో మా నల్లగొండ ఎస్పీగా ఉన్న ఏ.వి. రంగనాథ్ గారి పేరుతోనే నకిలీ ఫేస్‌బుక్ ఖాతా తెరిచి, ఆయనకు తెలిసినవాళ్లను పైసలు అడిగారు. పోలీసులు రాజస్థాన్ దాకా పోయి ఆ ముఠాను పట్టుకోవాల్సి వచ్చింది. ఎస్పీ పేరునే వదలనివాళ్లకు నా పేరొక లెక్కనా?

ఆ తిట్లకు భయపడే ఆయన పన్నెండు రోజులు ఇంట్ల కూడా చెప్పలేదు. పైసలు పోయిన గంటలోపే 1930కి ఫోన్ చేస్తే, దొంగ తీసుకోకముందే బ్యాంకులో ఆపే అవకాశం ఉంటది. ఆలస్యంగా చేశాం కాబట్టి ఫిర్యాదు నమోదైంది గానీ పైసలు రాలేదు.

ఫాలోవర్లు ఎక్కువున్నారని నమ్మకండి, వాళ్లను కొనుక్కోవచ్చు. పేజీ వివరాల్లో 'ట్రాన్స్‌పరెన్సీ' అని ఉంటది. పేజీ ఎప్పుడు పుట్టింది, పేరు ఎన్నిసార్లు మారింది అక్కడ కనిపిస్తాయి. నా పేరు పెట్టుకున్నది అంతకుముందు చీరలు అమ్మే పేజీ! అన్నిటికన్నా నేను నమ్మేది వీడియో కాల్. "అన్నా, గింజలు ఒకసారి చూపెట్టు" అనండి. రైతైతే ఇప్పుడు కాకపోతే పొద్దుమూకినంక అయినా చూపిస్తాడు. దొంగకు రోజుకో సాకు ఉంటది.

నకిలీ పేజీ కనపడితే కింద కామెంట్ పెట్టి ఊరుకోకండి, వాడు తీసేస్తాడు. ముందు స్క్రీన్‌షాట్ తీసి, లింకు దాచుకోండి. తర్వాత మూడు చుక్కలు నొక్కి, వేరొకరి పేరు వాడుతున్నాడని రిపోర్ట్ చేయండి. అసలు మనిషికి ఫోన్ చేసి చెప్పండి, అది ఆయనకు కనపడదు కదా.

నా తప్పు కూడా ఉంది. ఇన్నాళ్లు నంబరు వీడియో కింద రాసేవాణ్ణి. ముక్క కోసి వేరేచోట పెడితే అది పోతది. ఇప్పుడు వీడియో మధ్యలో నోటితోనే చెప్తున్నాను. కొత్తవాళ్ల దగ్గర ముందుగా పైసలు తీసుకోవడం కూడా మానేశాను. పార్సిల్ వాపస్ వస్తే నష్టం నీకే అని దోస్తులు అంటున్నారు. నిజమే, రెండు వచ్చాయి కూడా. అయినా ఈ ఏడు ఇట్లనే నడిపిస్తా.

ఆ కల్వకుర్తి రైతుకు నా దగ్గర మిగిలిన పది కిలోలు పంపాను. పైసలు పంట వచ్చినంక ఇస్తా అన్నాడు.