కళ్ళు మూసుకుంటే

మా అమ్మ మొహం కడుక్కుంటూ తూలేది. సబ్బు నురుగుకి కళ్ళు మూసుకోగానే గోడ పట్టుకునేది. "వయసు మీదపడిందమ్మా" అని నేనే తేల్చేశాను. తెలుగు పాఠాలు చెప్పేవాడికి వైద్యమూ వచ్చుననే ధీమా కాబోలు!

డాక్టరుగారు అలా తేల్చలేదు. అమ్మను పాదాలు జోడించి నిలబడమన్నారు, నిలబడింది. కళ్ళు మూసుకోమన్నారు, తూలింది. ఆయనే పట్టుకున్నారు.

"కాళ్ళ కబురు మెదడుకు సరిగా అందటం లేదండీ. ఇన్నాళ్ళూ కళ్ళతో నెట్టుకొస్తున్నారు" అన్నారు.

కాళ్ళు కబురంపటమేమిటన్నాను. మన కండల్లో కదురు ఆకారంలో సన్నని అంగాలుంటాయట. కండ ఎంత సాగిందీ, ఎంత వేగంగా సాగిందీ చెప్పటం వాటి పని. కండను ఎముకకు కట్టివుంచే గట్టి పట్టీ దగ్గర మరో రకం ఉన్నాయి. ఎంత బిగువు పడుతోందో అవి చెబుతాయి. పందొమ్మిదో శతాబ్దంలో వాటిని వర్ణించిన ఇటలీ శాస్త్రజ్ఞుడు గోల్జీ పేరే వాటికి నిలిచింది. చీకట్లోనూ అన్నంముద్ద తిన్నగా నోటికి చేరుతోందంటే ఈ వేగులవాళ్ళ చలవే!

అమ్మకు బి-12 విటమిను లోపించి, వెన్నుపాములో ఆ కబుర్లు మోసే దారి దెబ్బతిన్నదని పరీక్షల్లో తేలింది. ఇంజక్షన్లతో చాలావరకు కోలుకుంది, పూర్తిగా కాదు. "కాస్త ముందుగా తీసుకొచ్చి ఉంటే..." అని డాక్టరుగారు ఆగిపోయారు.

మీ ఇంట్లో పెద్దవాళ్ళెవరైనా మొహం కడుక్కుంటూ గోడ పట్టుకుంటున్నారేమో చూడండి. వయసని మాత్రం నాలాగా తేల్చేయకండి.