పెళ్లయితే ఆట మానాలా?

నందిగామ నుంచి మొన్న జగ్గయ్యపేటలో తమ్ముడింటికి వెళ్లాను. మేనకోడలి చదరంగం బోర్డు అటకెక్కి ఉంది. "ఇంటర్‌కొచ్చింది, రేపు పెళ్లయ్యాక ఇదంతా ఎందుకు వదినా?" అంది మరదలు. నాకు ఒళ్లు మండింది.

మన గుడివాడలో పుట్టిన కోనేరు హంపి 2002లో 15 ఏళ్లకే గ్రాండ్‌మాస్టర్ అయి, జూడిత్ పోల్గార్ రికార్డును దాటేసింది. సరే, అది పెళ్లికి ముందు ముచ్చట. 2017లో కూతురు పుట్టాక 2019లో, మళ్లీ 2024లో ప్రపంచ ర్యాపిడ్ టైటిల్ గెలిచిందే! గుంటూరు అమ్మాయి ద్రోణవల్లి హారికయితే 2022 చెన్నై ఒలింపియాడ్‌లో నిండు నెలలతో ఆడింది. జట్టుకు కాంస్యం వచ్చింది. (మనవాళ్లు అప్పుడు బిందె కూడా ఎత్తనివ్వరు.) పెళ్లైన మగపిల్లాణ్ణి ఆట మానెయ్యమని ఎవరైనా అన్నారా?

బోర్డు దింపించాను. ఒక గుర్రం కనిపించలేదు. చొక్కా గుండీ పెట్టుకుని ఆడాం. నేనే ఓడాను.